గొళ్ళెం లేని పేజీ

వెండెల్ క్రోయర్ చనిపోయాడని మా టీవీ వాళ్ళ పత్రికలో నాలుగు వరసలు వేశారు. నాలుగు వరసల్లో మూడు తప్పులు. పుట్టింది మిన్నెసోటాలో దులూత్ అయితే డెట్రాయిట్ అన్నారు. రాసిన నాటకాలు నూట పద్దెనిమిది అయితే లెక్క తేలిగ్గా ఉంటుందని కాబోలు, వంద అన్నారు. ‘చాలాకాలంగా మతి స్థిమితం లేక బాధపడుతున్నారు’ అన్నది మూడో తప్పు. ఆయన మతికి ఏమీ కాలేదు. ఆ సంగతి ఈ భూమ్మీద నాకొక్కదానికే తెలుసు. ఎందుకంటే ఆ రోగాన్ని ఆయనకు అంటగట్టినదాన్ని నేనే.

నా పేరు థెల్మా ప్రూయిట్. హాలీవుడ్‌లో ఒక టీవీ కంపెనీలో పదహారేళ్ళు టైపు చేశాను. తప్పులు పట్టడం నాకు పుట్టుకతో వచ్చిన జబ్బు. హోటల్‌కి వెళితే తినేముందు మెనూ కార్డులో స్పెల్లింగులు చూస్తాను. చర్చిలో పాటల పుస్తకం కూడా దిద్దానని మా అమ్మ నలుగురిలో చెప్పి నవ్వేది. ఆ గుణం మంచిదని ఇరవై నాలుగేళ్ళు వచ్చేదాకా అనుకున్నాను.

ముందు ఆయన గురించి చెప్పాలి. వెండెల్ తండ్రి దులూత్‌లో మంచు దిమ్మలు బండి మీద ఇంటింటికీ వేసేవాడు. ఫ్రిజ్‌లు వచ్చి ఆ బండి ఆగిపోయింది. కుర్రవాడు న్యూయార్క్ చేరి చవక పత్రికలకు హత్య కథలు రాశాడు, మాటకి ఒక సెంటు చొప్పున. నాలుగు పేర్లతో రాసేవాడు. ఒకే సంచికలో నాలుగు పేర్లూ పడ్డ నెల ఉందని, ఆ నెల నలుగురిలో ఎవరు బాగా రాశారని పాఠకుల్ని అడిగితే నాలుగోస్థానం కూడా తనకే వచ్చిందని చెప్పేవాడు. తర్వాత పదేళ్ళు రేడియో. శవం కంటే, తలుపు గడియ తీసిన చప్పుడు ఎక్కువ భయపెడుతుందని అక్కడ నేర్చుకున్నాడు. టీవీ వచ్చాక అందరితో పాటు ఆయనా పడమటికి వచ్చి, ‘మూడో అంతస్తు’ అనే మా కార్యక్రమంలో చేరాడు. ప్రతి మంగళవారం తొమ్మిదిన్నరకు అరగంట నాటకం, మధ్యలో రెండుసార్లు సబ్బు ప్రకటన.

దేశంలో సగం మంది ఆ అరగంట ఇంట్లో దీపాలార్పుకుని చూసేవాళ్ళు. భయపెట్టే ఆ మనిషి మాత్రం ఎలక కనిపిస్తే కుర్చీ ఎక్కేవాడు. స్నానాలగదిలో సాలీడు పడితే గ్లాసు బోర్లించి, కింద అట్ట దోపి, తోటలో వదిలి వచ్చేవాడు. పెళ్ళయిన కొత్తలో బల్ల కొనే స్తోమత లేక, భార్య కొరిన్ ఇస్త్రీ బల్ల మీద టైపు మిషను పెట్టుకుని నిలబడి రాయడం అలవాటైంది. తర్వాత మంచి బల్ల కొన్నా దాని మీద బట్టలు ఇస్త్రీ చేయించి, ఇస్త్రీ బల్ల మీదే రాశాడు. తన నాటకం వచ్చే మంగళవారం ఇంట్లో కూర్చునేవాడు కాదు. బౌలింగ్ ఆడటానికి పోయేవాడు. ‘వంట చేసినవాడు వాసనతోనే కడుపు నింపుకుంటాడు, మళ్ళీ విస్తరి ముందు కూర్చోలేడు’ అనేవాడు.

నేను చేరింది యాభై ఎనిమిది మార్చిలో. నా ముందున్న అమ్మాయి ఎనిమిదేళ్ళు చేసి, పెళ్ళి కుదిరి మానేసింది. మొదటి రోజు వెండెల్ టోపీ చేత్తో పట్టుకుని నా బల్ల దగ్గరకు వచ్చాడు. సన్నగా, పొడుగ్గా, ఎవరికో దారి అడగడానికి వచ్చినవాడిలా నిలబడ్డాడు.

“కొత్తమ్మాయివా? ఏ ఊరమ్మా?”

“నెబ్రాస్కా అండీ. బ్రోకెన్ బో.”

“ఆ పేరు నువ్వు కల్పించావా, నిజంగానే ఉందా?”

“ఉందండీ. మూడు వేల మంది ఉంటాం.”

“మూడు వేల మందిలో హంతకులెంతమంది?”

“నాకు తెలిసి ఒక్కరూ లేరండీ.”

“అంటే దొరకలేదన్నమాట” అని, తలవంచి నమస్కారం పెట్టి వెళ్ళిపోయాడు. ఆ రోజు నుంచి నేను ఆయనకి ‘నెబ్రాస్కా’నే.

ఇప్పుడు ఒక ఆచారం చెప్పాలి. అది తెలియకపోతే ఈ కథే లేదు. వెండెల్ రాసే హత్యలన్నీ ఇంట్లో వస్తువులతో జరిగేవి. కత్తులూ తుపాకులూ కాదు, అటకమీద డబ్బాలు, తోటలో మందులు. అందుకని ఆయన ప్రతి నాటకంలోనూ కావాలని ఒక చిన్న తప్పు పెట్టేవాడు. చూసినవాడెవడైనా ఇంటికి వెళ్ళి అచ్చంగా అలాగే చేస్తే పని జరగకూడదు. మందు ఒకటి చెబితే కొలత తప్పు చెప్పేవాడు. కొలత సరిగా ఉంటే కలిపేది తప్పు చెప్పేవాడు. దానికి ఆయన పెట్టుకున్న పేరు గొళ్ళెం. “తలుపు చూపించాలి అమ్మాయ్, తెరవనివ్వకూడదు” అనేవాడు. ఆ గొళ్ళెం ఎక్కడుందో ఆయనకి తెలుసు, కంపెనీలో ప్రతి పేజీ చదివి ముద్ర వేసే మిసెస్ ఓట్‌మన్‌కి తెలుసు, ఎనిమిదేళ్ళు పనిచేసిన పాత టైపిస్టుకి తెలుసు. ఎంత తక్కువ మందికి తెలిస్తే అంత మంచిదని ఎవరూ దాన్ని కాగితం మీద పెట్టలేదు. నాకు చెప్పాలని ఎవరికీ తోచలేదు. నేను చెబుతున్న ఈ మాటలన్నీ జరగాల్సింది జరిగిపోయాక నేను విన్నవి.

చేరిన మొదటి వారంలోనే ఒహాయో నుంచి ఒక రైల్వే గార్డు ఉత్తరం రాశాడు. మీ నాటకంలో రైలు పడమటి ప్లాట్‌ఫాం నుంచి తూర్పుకి వెళ్ళింది, మీకు బుద్ధుందా అని. మా నిర్మాత గస్ లిండావర్ ఆ ఉత్తరం పట్టుకుని టైపు గదిలోకి వచ్చి విరుచుకుపడ్డాడు.

“ఇది ఎన్ని చేతులు దాటి వెళ్ళింది? ఒక్కరికైనా కనబడలేదా? టైపిస్టుకి వేళ్ళే ఉంటాయా, కళ్ళుండవా?”

ఆ పేజీ నేను టైపు చేసింది కాదు. ఉరుము ఉరిమి మంగలం మీద పడ్డట్టు ఆ తిట్లు నా మీద పడ్డాయి. అయినా నాకు కోపం రాలేదు. నాకు కళ్ళున్నాయని చూపిద్దామనిపించింది.

రెండో వారం సోమవారం, సాయంత్రం ఐదు కావస్తుండగా వెండెల్ ఒక పేజీ తెచ్చాడు. మర్నాడు పొద్దున షూటింగు. నాటకంలో నటి మాటలు రెండు తగ్గించాలట, పందొమ్మిదో పేజీ మళ్ళీ కొట్టాలి. మా దగ్గర మొదటిసారి కొట్టిన పేజీలు తెల్ల కాగితం, మార్చిన పేజీలు గులాబీ కాగితం. తెల్లవి పాత టైపిస్టు కొట్టి వెళ్ళిపోయింది, నేను చూడలేదు. మిసెస్ ఓట్‌మన్ చదివి ముద్ర వేసింది తెల్లవాటి మీదే. చివరి నిమిషం గులాబీ పేజీ ఎవరి ముద్రా లేకుండా నేరుగా సెట్‌కి పోతుంది.

ఆ పేజీలో ఒక ఇల్లాలు, గులాబీ మొక్కలకు చల్లే మందు మొగుడి కాఫీలో కలుపుతుంది. నేను స్టెన్సిల్ మీద అంతవరకు కొట్టి ఆగాను. మా నాన్నకు బ్రోకెన్ బోలో మందుల కొట్టు. పదేళ్ళ వయసు నుంచి ఆ కొట్టు వెనక గదిలో పెరిగాను. ఆ మందు కాఫీలో కలిపితే మొదటి గుక్కకే నోరు చేదెక్కి ఉమ్మేస్తారు. తేలిక సంగతి, మా నాన్న దగ్గర పనిచేసినవాళ్ళందరికీ తెలుసు. ఏ ఒహాయో మందుల కొట్టువాడో మళ్ళీ ఉత్తరం రాస్తాడు, గస్ మళ్ళీ వచ్చి కళ్ళు లేవా అంటాడు. వెండెల్‌ని అడుగుదామని లేచాను. ఆయన అప్పటికే లిఫ్టులో కిందికి వెళ్ళిపోయాడు. నేను కాఫీ అన్న మాట తీసేసి, ఏది పెడితే రుచి తెలియదో ఆ పానీయం పేరు పెట్టాను. దాని పేరు ఇక్కడ రాయను. అంత బుద్ధి ఇప్పటికైనా వచ్చింది.

మా పద్ధతి ప్రకారం ఆయన తెచ్చిన కాగితం నాలుగు ముక్కలు చేసి, దహనం సంచిలో వేశాను. కథలు పక్క కంపెనీలకు పోకుండా చిత్తుప్రతులన్నీ ఆ సంచిలో పడి ఏ రోజువి ఆ రోజే కాలిపోయేవి. ఆ సాయంత్రం బస్సులో వెళుతూ నాకు నేనే మురిసిపోయాను. ఉద్యోగంలో చేరి పది రోజులు కాలేదు, అంత పెద్ద రచయితకు ఒక తప్పు తప్పించాననుకున్నాను.

నాటకం మేలో ప్రసారమైంది. జూన్ మొదటి వారంలో, లోయలో పీచ్ తోటల మధ్య ఉన్న ఒక చిన్న ఊళ్ళో, హాటీ స్టెన్నర్ అనే అరవై రెండేళ్ళావిడ చనిపోయింది. తన దగ్గర పెరిగిన అన్న కొడుకే ఆమెకు మందు పెట్టాడు. పోలీసులు ఎలా తెలుసని అడిగితే, మంగళవారం టీవీలో చూశానని, వాళ్ళు చెప్పినట్టే చేశానని చెప్పాడు. పేపర్లో ఆవిడ ఫోటో వేశారు. చర్చి విందులో కేకు కోస్తూ తీసిన ఫోటో.

మర్నాడు గస్ గదిలోకి అందర్నీ పిలిచారు. బల్ల మీద రెండు పేజీలు పక్కపక్కన పెట్టి ఉన్నాయి. ఒకటి తెల్లది, ఒకటి గులాబీది. మిసెస్ ఓట్‌మన్ ముఖం పాలిపోయి కూర్చుని ఉంది. గొళ్ళెం అనే మాట నేను మొదటిసారి విన్నది అప్పుడే. నేను దిద్దింది ఆ గొళ్ళేన్నేనని వింటుండగానే తెలిసింది.

“తెల్లదాంట్లో కాఫీ ఉంది. దీంట్లో లేదు. ఎవరు మార్చారు?” అన్నాడు గస్.

“నేను మార్చలేదు. కాఫీ అనే రాశాను” అన్నాడు వెండెల్.

“నీకు గుర్తుందా?”

“గుర్తుందనే అనుకుంటున్నా.”

“అనుకోవడం కాదయ్యా! లాయర్లు బయట కూర్చున్నారు!” గస్ నా వైపు తిరిగాడు. “మిస్ ప్రూయిట్, ఆ కాగితంలో ఏముంది?”

నాకు ఇరవై నాలుగేళ్ళు. ఈ ఊళ్ళో నాకు తెలిసిన మనిషి లేడు. ఉద్యోగం పోతే బ్రోకెన్ బోకి తిరిగి వెళ్ళాలి, మా నాన్న కొట్లో సీసాలు తుడవాలి. ఇవేవీ ఆలోచించానని కూడా చెప్పలేను. నోరు దానంతటదే తెరుచుకుంది.

“ఉన్నదే కొట్టానండీ” అన్నాను.

వెండెల్ నా వైపు చూశాడు. కోపంతో కాదు. అనుమానంతో కూడా కాదు. నేను నిజం చెబుతున్నానని పూర్తిగా నమ్మి చూశాడు. తర్వాత తన చేతుల వైపు చూసుకున్నాడు.

“ఈ పిల్ల తప్పు కొట్టదు గస్” అన్నాడు మెల్లగా. “రెండూ నా బుర్రలో ఉన్నాయి. అసలుదీ ఉంది, గొళ్ళెమూ ఉంది. తొందరలో చెయ్యి అసలుది రాసేసినట్టుంది.”

“నీకు యాభై వచ్చాయి కదూ?” అంది మిసెస్ ఓట్‌మన్. ఆవిడ జాలితోనే అంది. కానీ ఆ మాట ఆయనకు ఎక్కడ తగిలిందో గదిలో ఉన్న అందరికీ తెలిసింది. వాళ్ళమ్మ యాభై మూడో ఏట ఒకనాడు బూట్లు ఓవెన్‌లో పెట్టి రొట్టెలు బీరువాలో సర్దింది. ఆ తర్వాత పదకొండేళ్ళు పిచ్చాసుపత్రిలో ఉండి పోయింది. ఆ సంగతి ఆయనే నవ్వుతూ అందరికీ చెప్పేవాడు.

కంపెనీ మీద కేసు రాలేదు. కుర్రవాడు జైలుకి పోయాడు. రచయిత పేరు పేపర్లో పడలేదు. ఆయనకు శిక్ష వేసినవాళ్ళు ఎవరూ లేరు, అందుకే కాబోలు ఆయనే వేసుకున్నాడు.

మొదట్లో చిన్న చిన్నగా కనిపించింది. ప్రతి పేజీ మీద ఎర్ర పెన్సిల్‌తో ‘గొళ్ళెం చూశావా?’ అని రాసుకునేవాడు. తర్వాత పేజీ ఇచ్చి, మెట్లు దిగి, మళ్ళీ ఎక్కి వచ్చి, ఒకసారి చూడనిమ్మనేవాడు. ఒకరోజు నాలుగుసార్లు వచ్చాడు. నాలుగోసారి నా బల్ల పక్కన నిలబడి గొంతు తగ్గించి అడిగాడు.

“నెబ్రాస్కా, నిజం చెప్పమ్మా. ఇంతకు ముందెప్పుడైనా ఇలా చేశానా? నువ్వు చూసి మొహమాటపడి చెప్పలేదా?”

“అందరూ మర్చిపోతారు సార్, దానికేముంది” అన్నాను.

ఓదార్చాననుకున్నాను. లేదు సార్, మీరెప్పుడూ తప్పు చేయలేదు అని ఉంటే కనీసం ఆ ఒక్క రోజైనా ఆయన నిలబడేవాడు. నా మాటతో అసలు దెబ్బకి ఇంకోటి కలిపాను.

చివరికి ఆయన నాటకంలో గొళ్ళేలు తప్ప తలుపే లేకుండా పోయింది. మందు తప్పు, కొలత తప్పు, కలిపేది తప్పు. దానికి తోడు సీసా మూత కూడా రాదు. గస్ తల పట్టుకున్నాడు.

“వెండెల్, దీంట్లో ఎవడూ చచ్చే మార్గం లేదు! హంతకుడికే విసుగొచ్చి ఇంటికెళ్ళిపోయేట్టున్నాడు!”

గదిలో అందరూ నవ్వారు. వెండెల్ కూడా నవ్వాడు. “అదే కావాలి గస్” అన్నాడు. ఆ శరదృతువులో ఆయనను ‘మూడో అంతస్తు’ నుంచి తీసేశారు. తర్వాత కౌబాయ్‌ల గుర్రాల నాటకాలు రాశాడు, అక్కడ తుపాకులే గనక చెప్పేదేమీ ఉండదని. రెండేళ్ళకి అదీ పోయింది. ఆదివారం పొద్దున పిల్లల బొమ్మలాటకు రాశాడు. అదీ పోయాక టెలిఫోన్ డైరెక్టరీ అచ్చు తప్పులు చూసే పని దొరికింది. నూట పద్దెనిమిది నాటకాలు రాసిన మనిషి అక్షరక్రమంలో పేర్లు సరిచూస్తూ, ఒక్కో పేజీ ఎనిమిదిసార్లు చూస్తున్నాడని, పని సాగడం లేదని అక్కడా పంపేశారు.

నేను మాత్రం తేలు కుట్టిన దొంగలా నోరు మూసుకుని పైకి వచ్చాను. టైపు విభాగానికి పెద్దనయ్యాను. కొత్తగా చేరే ప్రతి పిల్లకీ మొదటి రోజే చెప్పేదాన్ని: ‘ఉన్నది ఉన్నట్టు కొట్టు, దిద్దకు.’ చెప్పేటప్పుడు నా గొంతు కటువుగా ఉండేదట. నా వెనక నన్ను పోలీసు అనేవాళ్ళు.

ఎందుకు చెప్పలేదని ఎవరైనా అడగవచ్చు. మొదటి రోజు చెప్పకపోతే, రెండో రోజు అసలు తప్పుతో పాటు మొదటి రోజు మౌనం కూడా చెప్పుకోవాలి. ఏడాది పోతే ఏడాది చెప్పుకోవాలి. రోజురోజుకీ బరువెక్కే మూటను ఎప్పుడు దించాలి? పైగా కొరిన్‌తో స్నేహం కలిసింది. నవంబరు పండగకు ప్రతి ఏడూ నన్ను వాళ్ళింటికి పిలిచేది. గుమ్మడికాయ తీపి రొట్టె చేసుకుని వెళ్ళేదాన్ని. వంటింట్లో గిన్నెలు కడుగుతూ ఆవిడ చెప్పేది.

“స్టవ్ ఆర్పానా లేదా అని గంటకోసారి లేస్తాడమ్మా. తలుపు తాళం వేసి వీధి చివరిదాకా వెళ్ళి వెనక్కి వస్తాడు. మొన్న నా కప్పులో చక్కెర వేసి, వేసింది చక్కెరేనా అని తనే తాగి చూశాడు.”

“డాక్టరేమన్నాడు?”

“ఏమీ లేదంటాడు. ఈయన నమ్మడు. నాకు తెలుసు, మా అమ్మకీ మొదట ఏమీ లేదన్నారంటాడు.”

నేను తువ్వాలుతో పళ్ళెం తుడుస్తూ నిలబడ్డాను. ఆవిడ నా భుజం తట్టి, “నువ్వొక్కదానివే రావడం మానలేదు, మిగతావాళ్ళు మొహం చూపించరు” అంది. ఆ రాత్రి ఇంటికి వెళ్ళి ఏడ్చాను. ఏడ్చి నిద్రపోయాను. పొద్దున్నే లేచి పనికి వెళ్ళాను. నన్ను నేను వెనకేసుకురావడం లేదు, జరిగింది చెబుతున్నాను.

అరవై తొమ్మిది అక్టోబరులో ఒక శనివారం కొరిన్ ఫోన్ చేసింది.

“థెల్మా, నువ్వొక్కసారి రా. పెట్టె సర్దుకుంటున్నాడు. తనంతట తనే ఆసుపత్రిలో చేరతాడట, సంతకం పెట్టేస్తాడట. ఇంట్లో ఉంటే ఏదో ఒకరోజు నాకేదో చేసేస్తాడని భయమట. నా మాట వినడం లేదు. నీ మాట వింటాడు.”

పదకొండేళ్ళు దించలేని మూట ఆ క్షణంలో దించేయాలనిపించింది. ఆయన ఆ పిచ్చాసుపత్రి గేటు దాటితే ఇక రాడని నాకు తెలుసు. ఆపగలిగే మాట ప్రపంచంలో ఒక్కటే ఉంది, అది నా దగ్గర ఉంది. దారి పొడుగునా కారులో ఆ మాటనే పైకి అంటూ వెళ్ళాను.

వెండెల్ ముందు గదిలో, మంచి కోటు వేసుకుని, పెట్టె కాళ్ళ దగ్గర పెట్టుకుని కూర్చున్నాడు. జుట్టు పూర్తిగా తెల్లబడింది. నన్ను చూసి లేచి నిలబడ్డాడు.

“రావమ్మా నెబ్రాస్కా. సాగనంపడానికి వచ్చావా?”

నేను కూర్చోలేదు. నిలబడే అంతా చెప్పాను. మా నాన్న కొట్టు, ఒహాయో ఉత్తరం, ఐదు గంటలప్పుడు తెచ్చిన పేజీ, కాఫీ. దహనం సంచి. గస్ గదిలో నేను అన్న మాట. “మీకేమీ కాలేదు సార్. ఎప్పుడూ ఏమీ కాలేదు. మీరు కాఫీ అనే రాశారు. ఆవిడ్ని చంపింది మీరు కాదు” అన్నాను. అంటూ ఏడ్చేశాను.

కొరిన్ గుమ్మంలో కొంగలా నిశ్శబ్దంగా నిలబడి వింది. వెండెల్ కళ్ళు మూసుకుని, వేళ్ళు గడ్డం కింద పెట్టుకుని విన్నాడు. పాత రోజుల్లో గస్ గదిలో కథ వినేటప్పుడు అలాగే కూర్చునేవాడు. ఆయన ముఖంలో చాలా ఏళ్ళ తర్వాత వెలుగు వచ్చింది. నా ప్రాణం లేచి వచ్చింది.

“బాగుంది” అన్నాడు కళ్ళు తెరిచి. “చాలా బాగా అల్లావు. తండ్రికి మందుల కొట్టు పెట్టావు, అది గట్టి పునాది. గులాబీ పేజీకి ముద్ర ఉండదన్నావు, ఎవరూ కాదనలేరు. చిత్తుప్రతి కాలిపోయింది గనక ఋజువు అడగడానికీ లేదు. ఇవన్నీ నా దగ్గరే నేర్చుకున్నావా?”

“అల్లలేదు సార్! నిజం!”

“నా కోసం ఇంత తప్పు నెత్తినేసుకోవడానికి వచ్చావు. నీ మనసు చాలా మంచిది. కానీ నిలవదు తల్లీ.”

“ఏది నిలవదు?”

గడియారం చూసుకున్నాడు. కొరిన్‌కి కారు నడపడం రాదు. టాక్సీ పిలుస్తానంది. ఆయన నా వైపు చూసి, “నువ్వే దింపగలవా? నీ చేతి మీదుగా వెళితే నాకు నిబ్బరంగా ఉంటుంది” అన్నాడు. కాదనడానికి నాకు నోరెక్కడిది?

గుమ్మం దిగుతుండగా కొరిన్ నా చెయ్యి పట్టుకుని పక్కకు లాగింది. కళ్ళు తుడుచుకుంటూ, “నువ్వు అబద్ధం చెప్పైనా ఆపాలని చూశావు. బతికున్నన్నాళ్ళూ మర్చిపోను” అంది. “అబద్ధం కాదు కొరిన్” అన్నాను. ఆవిడ నన్ను ముద్దు పెట్టుకుని లోపలికి వెళ్ళిపోయింది.

సముద్రం పక్క రోడ్డు మీద గంటన్నర ప్రయాణం. వాన పడి ఆగింది. నేను మళ్ళీ మొదలుపెట్టాను. తేదీలు చెప్పాను, ఆ రోజు ఆయన వేసుకున్న టై రంగు చెప్పాను, పేజీలో తీసేసిన రెండు మాటలు ఏవో చెప్పాను. ఆయన తల ఊపుతూ విన్నాడు, అన్నీ ఒప్పుకున్నాడు.

“వివరాలకేం, అన్నీ సరిగ్గా ఉన్నాయి” అన్నాడు. “నీ కథలో పిల్ల అది ఎలా చేసిందో నమ్మొచ్చు. ఎందుకు చేసిందో కూడా నమ్మొచ్చు, చదువుకున్న పిల్ల, తెలివి చూపించుకోవాలనుకుంది. తేలనిది ఒక్కటే. పదకొండేళ్ళు ఎందుకు దాచింది?”

“భయం సార్.”

“దేనికి?”

“ఉద్యోగం పోతుందని.”

“అంతేనా?”

“అంతే సార్.”

ఆయన నవ్వాడు. ఎగతాళిగా కాదు, పిల్లలకు లెక్క చెప్పేవాడిలా ఓపికగా నవ్వాడు. “ఒక మనిషి కళ్ళెదుట పాడైపోతుంటే, వాళ్ళింట్లో పండగ భోజనం తింటూ, టైపు ఉద్యోగం కోసం నోరు మూసుకుందా? ఎవరు నమ్ముతారమ్మా? ఇంకేదైనా పెట్టు. ఆ పిల్ల అతన్ని ప్రేమించింది, భార్య మీద కసి అను. లేదా అతను ఎప్పుడో అవమానించాడను. ఏదో ఒక పెద్దది ఉండాలి.”

“పెద్దదేమీ లేదు సార్.”

“మరి చూశావా?” అన్నాడు. నా భుజం మీద చెయ్యి వేశాడు. “ఇంత చిన్న కారణానికి ఎవరూ అలా చెయ్యరు.”

గేటు దగ్గర కారు ఆపాను. ఆయన దిగి, పెట్టె తీసుకుని, టోపీ సర్దుకున్నాడు. కిటికీ దగ్గరకు వంగి, వాన రోడ్డు, మెల్లగా పోనివ్వమన్నాడు. లోపల ఆయన నాలుగేళ్ళు బతికాడు. ప్రతి నెలా వెళ్ళాను. వెళ్ళినప్పుడల్లా చెప్పాను. వెళ్ళినప్పుడల్లా, పెద్ద కారణం ఏమైనా దొరికిందా అని అడిగేవాడు.

దొరకలేదు. ఎంత వెతికినా నా దగ్గర ఆ చిన్నదొక్కటే ఉంది.